సైనిక టీవీ మాట ఎవరిదో మొదటే చెప్పండి

సంపాదకుల వారికి,

గత ఆదివారం మీ అంతర్జాతీయ పేజీలో మయన్మార్‌పై ‘ఉగ్రవాదుల స్థావరం ధ్వంసం’ అనే శీర్షికతో వచ్చిన వార్తను చదివి, నాలుగు రోజులు ఆగినా మనసు సమాధానపడక ఈ లేఖ రాస్తున్నాను. ఆ మాట అక్కడి టీవీ చెప్పినదని చివరి వాక్యంలో ఉంది. ఆ టీవీ ఎవరి గుప్పిట్లో ఉందో మాత్రం ఎక్కడా లేదు.

2021 ఫిబ్రవరి 1 ఉదయం ఎన్నికైన నాయకులను నిర్బంధించి, ఏడాదిపాటు అత్యవసర పరిస్థితి విధించామని, అధికారం సర్వసైన్యాధ్యక్షుడు మిన్ ఆంగ్ హ్లయింగ్ చేతికి వచ్చిందని ప్రకటించినది సైన్యం సొంత చానల్ మ్యావాడీ టీవీ. ఓటర్ల జాబితాలో అక్రమాలు జరిగాయన్న వారి సాకును ఎన్నికల సంఘం అంతకుముందే తోసిపుచ్చింది. ఆ మార్చిలో అయిదు స్వతంత్ర వార్తాసంస్థల లైసెన్సులు రద్దు చేశారు, తరువాత ఇళ్లపై డిష్‌లను కూడా నిషేధించారు. వేరే గొంతు వినబడకుండా చేస్తూనే, ఏప్రిల్‌లో నటులు, గాయకులు, వైద్యుల ఫొటోలతో అరెస్టు జాబితాలను రాత్రి వార్తల్లో చదివారు. నిర్బంధంలో ఉన్న యువతీయువకుల వాచిన ముఖాలను తెరపై చూపారు. అది వార్త కాదు, ప్రతి ఇంటికీ పంపిన బెదిరింపు. జనం మాత్రం రాత్రి 8 గంటలకు గిన్నెలు, పళ్లాలు మోగించి తమ జవాబు చెప్పారు.

అప్పట్లో బర్మా అనే ఇదే మయన్మార్‌లో 1962 మార్చి 2న జనరల్ నె విన్ సైన్యం పగ్గాలు చేపట్టిందని తానే రేడియోలో ప్రకటించాడు. అప్పటికి అక్కడ టీవీ లేదు. ఆ తరువాత దుకాణాలు జాతీయమైపోయి, అక్కడున్న మా పెద్దలు కట్టుబట్టలతో ఓడెక్కి విశాఖకు చేరారు. ప్రసారంలో వినబడే తీయని మాటలకూ వీధిలో జరిగేదానికీ ఉన్న దూరం వారికి అనుభవంతో తెలుసు. అందుకే ఈ శీర్షిక మా ఇంట్లో అంతగా బాధించింది.

ఈ అలవాటు విదేశీ వార్తలకే పరిమితం కాలేదు. మన నగరంలో కూడా ఏ శాఖ ప్రకటన పంపినా అక్షరం మార్చకుండా వేస్తున్నారు. విలేకరి వెళ్లి చూసిన జాడ కనబడదు. ఒకప్పుడు వార్త ఎవరు చెప్పారో, ఎవరు కాదన్నారో రెండూ ఉండేవి.

ఇకపై సైన్యం నడిపే టీవీ చెప్పిన మాటైతే ఆ సంగతి మొదటి వాక్యంలోనే రాయండి. బాంబులు పడిన ఊరివారు ఏమంటున్నారో పక్కనే వేయండి. బర్మా భాష తెలిసిన వృద్ధులు కంచరపాలెం బర్మా క్యాంపులో ఇంకా ఉన్నారు. మీ విలేకరిని ఒకసారి అక్కడికి పంపండి.

— ఒక పాఠకుడు, కంచరపాలెం, విశాఖపట్నం