కొత్త బోరు వేసే ముందు పక్క బోరు కొలవండి

ఎడిటర్ గారికి నమస్కారం.

మా ఐరాల మండలం వైపు ఎండలు ముదిరాయంటే రిగ్గు బండ్లు దిగుతాయి, వాటి వెనకే గొడవలు మొదలవుతాయి. మా ఊళ్లో పక్కపక్క కయ్యల వాళ్లు, వరసకు అన్నదమ్ములు, ఇప్పుడు బోరు విషయంలో కోర్టుకెక్కి ఉన్నారు. పెద్దాయనది 450 అడుగుల పాత బోరు, మామిడి చెట్లకూ పశువుల గడ్డికీ అదే ఆధారం. గట్టుకు అవతల తమ్ముడు అప్పు తెచ్చి 900 అడుగులు వేయిస్తే రెండించుల నీళ్లు పడ్డాయి. కొన్నాళ్లకే పెద్దాయన మోటారు వేస్తే నీళ్లు కాసేపు వచ్చి, పైపు బుస్సుమని గాలి కక్కి, మళ్లీ చిన్న ధార వచ్చి ఆగిపోవడం మొదలైంది. ఆయన నిలదీస్తే తమ్ముడు అన్నమాట ఒకటే: "నా చేలో నేను వేసుకున్నా అన్నా, నీ నీళ్లు నేను లాగినానని ఎట్లా చెప్తావు?"

ఆ ప్రశ్నకు పెద్దాయన దగ్గర జవాబు లేదు, రేపు కోర్టులో కూడా దొరకడం కష్టం. కాలువలాగా ఒక దారిలో పారని భూగర్భ జలాన్ని ఎవరి హద్దుల్లో వాళ్లు తోడుకోవచ్చని 1882 నాటి ఈజ్‌మెంట్ల చట్టమే, అంటే దారి, నీళ్ల లాంటి వాటిమీద పక్కపక్క భూముల వాళ్ల హక్కులు చెప్పే చట్టమే, చెబుతోంది. మన జిల్లాలో చాలా చోట్ల కింద ఉన్నది గట్టి రాయి, నీళ్లు ఉండేది ఆ రాతి పగుళ్లలో. రిగ్గు వాళ్లు గ్యాప్ తగిలింది అంటారే, అది ఎవరి గట్టు కింద నుంచి ఎటు పోతుందో పైనుంచి కనబడదు. పైగా వానలు లేక మట్టమే పడిపోయిందా, పక్క బోరు వల్లే ఎండిందా అని తేల్చాలంటే కొత్త బోరు పడకముందు పాత బోరు ఎంత పోసేదో లెక్క కావాలి. ఆ లెక్క రాసి పెట్టుకున్నవాళ్లు ఎవరున్నారు? కోర్టు కమిషనర్‌గా లాయరు గారు వచ్చినా ఆ రోజు కళ్లకు కనబడింది రాసుకుంటారు గానీ పోయిన ఏడాది ధార ఎంతుందో ఎక్కణ్ణుంచి రాస్తారు!

2002లో నీరు, భూమి, చెట్లను కాపాడడానికి వాల్టా చట్టం వచ్చింది. బోర్లను నమోదు చేయాలని, రిగ్గులకు రిజిస్ట్రేషన్ ఉండాలని, ఊరి తాగునీటి బోరుకు 250 మీటర్ల లోపల అనుమతి లేకుండా వేయకూడదని అందులో ఉంది. మా దగ్గర మాత్రం చీకటి పడ్డాక బండి వస్తుంది, తెల్లారేసరికి కేసింగ్ దించేసి వెళ్లిపోతుంది, పక్క చేను వాళ్లకు తెలిసేది ఆ మోత విన్నప్పుడే. నేను తమ్ముణ్ణి తప్పుపట్టడం లేదు, ఆయన చెట్లూ ఎండుతున్నాయి, ఆయన నెత్తిన అప్పూ ఉంది.

నేను అడిగేది చిన్న పని. కొత్త బోరుకు దరఖాస్తు రాగానే చుట్టుపక్కల బోర్ల వాళ్లందరికీ సచివాలయం నుంచి నోటీసు ఇవ్వాలి. సర్వేయరో, ఇంకెవరో ఒక ఉద్యోగి వచ్చి ఆ బోర్ల ముందు 200 లీటర్ల డ్రమ్ము పెట్టి, మోటారు వేసి ఎన్ని నిమిషాల్లో నిండుతుందో ఫోన్లో టైము చూసి రాసుకోవాలి. ఎంతసేపటికి గాలి వస్తుందో కూడా రాయాలి. పాత బోరు వాళ్లు, కొత్త బోరు వేసేవాళ్లు ఇద్దరి చేతా సంతకం పెట్టించి, కొత్త బోరు వేశాక అదే డ్రమ్ముతో మళ్లీ కొలిచి రెండు కాగితాలూ దగ్గర పెట్టుకోవాలి. ఒక పూట పని ఇది, పెద్ద మెషిన్లేమీ అక్కర్లేదు. ఒక్క కొలతతోనే అంతా తేలిపోతుందని అనను, కానీ ఇప్పుడు చేతిలో అది కూడా లేదు కదా.

అప్పుడు కేసు వేయకముందే మండల న్యాయసేవల కమిటీకి పోయి లోక్ అదాలత్‌లో కూర్చోవచ్చు, దానికి కోర్టు ఫీజు ఉండదు. అక్కడ ఇద్దరూ ఒప్పుకుని రాసుకున్న రాజీకి సివిల్ కోర్టు డిక్రీతో సమానమైన విలువ ఉంది, దానిమీద అప్పీలు కూడా లేదు. ఒకరు పగలు ఒకరు రాత్రి మోటారు వేసుకోవడమో, కొత్త బోరు నుంచి ఎండిన తోటకు కొన్ని తడులు ఇవ్వడమో, అందులోనే రాయించుకోవచ్చు. మా ఊరి అన్నదమ్ములు మాత్రం వాయిదా ఉన్న రోజు ఒకే బస్సులో చిత్తూరుకు పోయి, మాట్లాడుకోకుండా తిరిగి వస్తున్నారు.

కలెక్టర్ గారు, తహసీల్దార్లు వచ్చే ఎండాకాలం లోపు కనీసం మా మండలంలోనైనా ఈ కొలతలు మొదలుపెట్టించాలని కోరుతున్నాను.

- ఒక రైతు, ఐరాల మండలం, చిత్తూరు జిల్లా