బ్యాంకాక్ ఫుడ్ వాక్‌కి డబ్బు కట్టే ముందు

సంపాదకులకు నమస్కారం.

బ్యాంకాక్ వచ్చే తెలుగువాళ్లు ఈమధ్య గుళ్లు, షాపింగ్‌తో పాటు ఒక సాయంత్రం గైడ్ వెంట వీధుల్లో నడుస్తూ తినే ఫుడ్ వాక్‌లకూ వెళ్తున్నారు. ప్రయాణాల పేజీల్లో వీటి గురించి రాసేటప్పుడు ఎన్ని రకాలు తినిపిస్తారు, ఎంత తీసుకుంటారు అన్న రెండు లెక్కలే ఎక్కువగా కనిపిస్తాయి. పది రకాలా, పదిహేనా అని చూసి ఎంచుకుంటే డబ్బు వృథా అయ్యే అవకాశమే ఎక్కువ. గుంపులో ఎంతమంది ఉంటారు, వారంలో ఏ రోజు, ఏ వేళకు బయల్దేరతారు, మీరు తిననివేమిటో ప్రతి బండి దగ్గరా గైడ్ చెప్పి చేయించగలరా అన్నవి ముందు తెలియాలి. ఇవి అక్కడికి వెళ్లాక తేలే సంగతులు కావు. బుకింగ్ రోజే అడగాలి. అందుకే కాస్త వివరంగా రాస్తున్నాం.

ముందు శాకాహారుల సంగతి, ఎక్కువ ఇబ్బంది పడేది వాళ్లే కాబట్టి. థాయ్ వంటలో ఉప్పు చేయాల్సిన పని చాలావరకు నామ్ ప్లా అనే చేప సాస్ చేస్తుంది. దానికి తోడు ఆయిస్టర్ సాస్, ఎండు రొయ్యలు, కపి అనే రొయ్యల ముద్ద. కూరలకు వాడే మసాలా ముద్ద నూరేటప్పుడే అందులో కపి కలిసిపోతుంది. నూడుల్స్ సూప్ బండి మీద మరిగే నీళ్లలో సాధారణంగా ఎముకలు వేసి ఉంటాయి. మాంసం వద్దని చెబితే ముక్కలు తీసేసి అదే సూప్ పోసి ఇస్తారు. అమ్మేవాళ్లు మోసం చేసినట్టు కాదు, మనం అడిగినట్టే చేశారు.

‘మై సై నామ్ ప్లా’, అంటే చేప సాస్ వేయొద్దు, అని కొందరు బట్టీపట్టి వస్తారు. అది కొన్ని చోట్లే పనికొస్తుంది. సోమ్ తమ్, అంటే పచ్చి బొప్పాయి సలాడ్, ఏ ప్లేటుకి ఆ ప్లేటు అప్పటికప్పుడు రోట్లో దంచుతారు కాబట్టి నామ్ ప్లా, ఎండు రొయ్యలు లేకుండా, బదులుగా సోయా సాస్ వేసి దంచమనవచ్చు. కాకపోతే అదే రోట్లో అంతకుముందు ప్లా రా అనే పులియబెట్టిన చేప రసం పడి ఉంటుంది. రోలు, రోకలి కడిగించాకే దంచమని గైడ్ చెప్పాలి. పాద్ థాయ్, అంటే మూకుడులో వేయించే నూడుల్స్, దగ్గర ఇది కుదరదు. చింతపండు, తాటిబెల్లం, నామ్ ప్లా కలిపి కాచిన సాస్ చాలా బళ్ల మీద ముందే సిద్ధంగా ఉంటుంది. అందులోంచి చేపను ఎవరూ తీయలేరు. పైగా మీకన్నా ముందువాళ్ల ప్లేటు రొయ్యలతో అదే మూకుడులో వేగింది. రద్దీ వేళ మూకుడు కడగమంటే ఒప్పుకోరు, వెనక ఇరవై మంది నిలబడి ఉంటారు మరి. కోడి నూడుల్స్ అని పేరున్న కుయ్ తియావ్ ఖువా కైని పాతకాలం పద్ధతిలో పందికొవ్వులో వేయిస్తారు. చికెన్ తిని పంది తినని వాళ్లు ఈ ఒక్క వంటకం పేరు గుర్తుపెట్టుకుంటే చాలా మేలు.

బ్యాంకాక్‌లో శాకాహారానికి రెండు మాటలున్నాయి, రెంటికీ తేడా ఉంది. మంగ్‌సవిరాత్ అంటే మాంసం ఉండదు, గుడ్డు, పాలు ఉండొచ్చు. జే అంటే చైనా బౌద్ధుల పద్ధతి. మాంసం, చేప, గుడ్డు, పాలతో పాటు ఉల్లి, వెల్లుల్లి కూడా ఉండవు. జే వంట అమ్మే చోట పసుపు జెండా మీద ఎర్ర అక్షరం కనిపిస్తుంది. మన శాకాహారులకు ఇదే నమ్మకమైన గుర్తు. అక్కడ బాతు ముక్కలా, పంది మాంసంలా కనిపించేవి సోయా, గోధుమ పిండితో చేసినవి, చూసి కంగారు పడనక్కర్లేదు. సెప్టెంబరు, అక్టోబరు ప్రాంతంలో చైనా క్యాలెండరు తొమ్మిదో నెలలో తొమ్మిది రోజులు జే పండుగ వస్తుంది. బ్యాంకాక్ చైనాటౌన్‌లోని యావరాత్ వీధి అంతా పసుపు జెండాలే. శాకాహార కుటుంబం బ్యాంకాక్ ఫుడ్ వాక్ కోసమే తేదీలు చూసుకుంటే ఆ రోజులకు సాటి లేదు.

కంపెనీ ‘శాకాహారం కూడా కుదురుతుంది’ అని రాసిందంటే సరిపోదు. ఎన్ని చోట్ల జే బండి దగ్గర తినిపిస్తారు, ఎన్ని చోట్ల మామూలు బండి దగ్గర మార్చి చేయిస్తారు, ఎన్ని చోట్ల చేతికి ఏదో జ్యూస్ ఇచ్చి నిలబెడతారు అని విడివిడిగా అడగాలి. మూడో లెక్క రెండు దాటితే ఆ వాక్ మీకు కాదు. మీ ప్రయాణాల పేజీలో ఏదైనా వాక్ గురించి వేసేటప్పుడు దారిలో జే బండి ఉందో లేదో ఒక్క ముక్క చేర్చితే వేలమందికి ఉపయోగం.

గొడ్డు మాంసం తినని వాళ్లకు ఒక ఊరట. గ్వాన్ యిన్ దేవతను కొలిచే థాయ్-చైనీయుల్లో చాలామంది కూడా తినరు. ‘మై కిన్ నువా’, గొడ్డు మాంసం తినం, అని చెబితే వెంటనే అర్థం చేసుకుంటారు, ఎవరూ వింతగా చూడరు. అయితే బోట్ నూడుల్స్ సూప్ చిక్కగా, నల్లగా కనిపించడానికి కారణం అందులో కలిపే రక్తం, పందిదో గొడ్డుదో. ముక్కలు లేకపోయినా అది ఉంటుంది. యావరాత్‌లో పేరున్న కుయ్ జాప్ మిరియాల సూప్‌లో పంది లోపలి అవయవాలు వేస్తారు.

వేరుశనగ, రొయ్యలు పడని వాళ్లు థాయ్ భాషలో రాయించిన చీటీ జేబులో పెట్టుకోవాలి. గైడ్ మొదటి బండి దగ్గర చెప్పి, మూడో బండి దగ్గర మరిచిపోవడం మామూలే.

ఇక గుంపు. యావరాత్ బళ్ల దగ్గర నాలుగైదు ప్లాస్టిక్ స్టూళ్లుంటే గొప్ప. ఆరుగురు, ఎనిమిదిమంది అయితే ఎలాగో సర్దుకుంటారు. పన్నెండు దాటితే గైడ్ డబ్బాల్లో కట్టించి పక్క సందులోకి తీసుకుపోయి పంచుతారు. అక్కడే రుచి పోతుంది. హోయ్ థోత్ సంగతే చూడండి. వెడల్పాటి ఇనుప పెనం మీద పిండి జారుగా పోసి, ఆల్చిప్పల మాంసం చల్లి, పైన గుడ్డు కొట్టి, అంచులు కరకరలాడే దాకా కాలుస్తారు. పెనం మీంచి దిగిన కొద్ది నిమిషాలకే ఆవిరికి మెత్తబడుతుంది, మూతపెట్టిన డబ్బాలో ఇంకా త్వరగా. చివరి మనిషి చేతికి వచ్చేది తడి పిండి ముద్ద. నాలుగు గంటల్లో పది చోట్లంటే ఒక్కో చోటికి ఇరవైనాలుగు నిమిషాలు. నడక, ఆర్డరు, వంట పోగా తినడానికి పది నిమిషాలు మిగలవు. ఆరేడు చోట్లు, ఎనిమిది మంది లోపు గుంపు, ఎక్కువగా కూర్చుని తినడం: మా మాట అడిగితే ఇదే మంచి వాక్.

ఎంగిలి పట్టింపు ఉన్నవాళ్లు చాలామందే ఉంటారు, అడగడానికి మొహమాటపడతారు. ఈ వాక్‌లలో ఒక ప్లేటు ముగ్గురు నలుగురు పంచుకుంటారు. థాయ్‌వాళ్లకూ వడ్డించుకునే వేరు చెంచా అలవాటే, దాన్ని చోన్ క్లాంగ్ అంటారు. ఆ మాట అంటే ఇస్తారు. అన్నం తినేటప్పుడు వాళ్లు కుడిచేతిలో చెంచా, ఎడమచేతిలో ఫోర్కు పట్టుకుంటారు. పుల్లలు నూడుల్స్‌కే.

వారం, వేళ. ఫుట్‌పాత్‌లు శుభ్రం చేయడానికని సోమవారం బళ్లు పెట్టకపోవడం బ్యాంకాక్‌లో చాలాకాలంగా ఉన్న పద్ధతి. యావరాత్‌లో ఆ రోజు చాలా బళ్లు కనిపించవు. సోమవారం వాక్ ఉందంటే ఏ ఏ చోట్లకు తీసుకెళ్తారో పేర్లతో అడగండి. మిగతా రోజుల్లో చీకటి పడే వేళకు బళ్లు వెలుగుతాయి, ఏడు నుంచి తొమ్మిది మధ్య అడుగు తీసి అడుగు వేయలేరు. అయిదున్నరకు బయల్దేరే వాక్ ఏడింటికి బయల్దేరేదానికన్నా ఎప్పుడూ మేలు. మూకుడు అప్పుడే ఎక్కుతుంది కాబట్టి మార్చి చేయమంటే అమ్మేవాళ్లకూ ఓపిక ఉంటుంది. 2019లో తెరిచిన వాట్ మంగ్‌కోన్ మెట్రో స్టేషన్ యావరాత్‌కి దగ్గర. ట్రాఫిక్‌లో ట్యాక్సీ ఎక్కితే గుంపు వెళ్లిపోయాక చేరుకుంటారు. మంచి తిండి దొరికే చోట్లను ఎంపిక చేసే మిషెలిన్ పుస్తకం మొదటిసారి బ్యాంకాక్‌కి 2017 డిసెంబరులో వచ్చాక, దాని స్టిక్కరు ఉన్న బళ్ల ముందు క్యూలు పెరిగాయి. మంచి గైడ్ అయితే ఒకరిని ముందే క్యూలో నిలబెట్టి, ఆ లోపు మిగతావాళ్లకు పక్కనే ఇంకోటి తినిపిస్తారు.

రద్దీ పడని వాళ్లకు, పెద్దవాళ్లకు ఉదయం వాక్ మంచిది. చరోన్ క్రుంగ్ 16వ సందులోని పాత చైనా బజారు పొద్దున్నే చూడదగ్గది. సందు ఇరుకు, నేల తడి, మధ్యలో మోటారుసైకిళ్లు. చక్రాల కుర్చీ, పిల్లల బండి కుదరవు. మోకాళ్ల నొప్పులుంటే పొట్టి స్టూళ్లు కాకుండా మామూలు కుర్చీలుండే దుకాణాలు అడగాలి. మే నుంచి అక్టోబరు దాకా వానలు. సాయంత్రం ఒక్కసారిగా కుమ్మరిస్తుంది. వాన పడితే వాక్ రద్దవుతుందా, కప్పు ఉన్న చోట్లకు మారుస్తారా, డబ్బు తిరిగిస్తారా అన్నది రాతపూర్వకంగా ఉండాలి. జారని చెప్పులు వేసుకోండి.

ఆ పూట మధ్యాహ్నం కాస్త తేలిగ్గా తినండి, పూర్తి ఉపవాసం వద్దు. ఖాళీ కడుపున మొదటి రెండు బళ్ల దగ్గర ప్లేటు ఖాళీ చేసేసి, నాలుగో చోటికి చేతులెత్తేస్తారు. ఒక్కో చోట మూడు నాలుగు ముద్దలు చాలు. డబ్బా పాలు పోసిన తీపి థాయ్ టీ ముందే తాగితే ఆకలి చచ్చిపోతుంది. బల్ల మీద ఉండే నాలుగు గిన్నెల్లో నామ్ ప్లా, మిరపకాయల వెనిగర్, ఎండు కారం, పంచదార ఉంటాయి. రుచి చూశాకే వేసుకోవాలి. మనకు కారం అలవాటేనన్న ధీమాతో సన్న మిరపకాయలు నమిలితే తర్వాతి అరగంట ఏ రుచీ తెలియదు. మొదట ‘పెట్ నిట్ నోయ్’, కొంచెం కారం, అని చెప్పి చూడండి.

వాక్‌లో తప్పకుండా ఆగి చూడాల్సింది ఖనోమ్ క్రోక్ బండి. మన గుంతపొంగనాల పెనం లాంటిదే. బియ్యప్పిండి, కొబ్బరిపాలు కలిపిన పలచటి పిండి గుంతల్లో పోస్తారు, అంచు గట్టిపడగానే నడుమ చిక్కటి తీపి కొబ్బరిపాలు పోస్తారు. పైన ఉల్లికాడలో మొక్కజొన్న గింజలో చల్లి మూతపెడతారు. తీసేటప్పుడు రెండు సగాల్ని చెంచాతో కలిపి ఒక ఉండ చేస్తారు. బయట కరకర, లోపల పాయసంలా. లోపల కొబ్బరిపాలు సలసలలాడుతుంటాయి, ఒక్కసారే నోట్లో వేసుకుంటే నాలుక కాలుతుంది. మామిడిపండుతో జిగురన్నం మాత్రం మార్చి నుంచి మే మధ్య తింటేనే దాని గొప్పతనం తెలుస్తుంది.

శుభ్రత విషయంలో బండి కొత్తదా పాతదా అని చూడొద్దు. మీ కళ్లముందే వేడివేడిగా చేస్తున్నారా, గంటలకొద్దీ గోరువెచ్చగా పడి ఉందా అన్నది చూడండి. వండినది 60 డిగ్రీల పైన వేడిగానైనా ఉండాలి, 5 డిగ్రీల లోపు చల్లగానైనా ఉండాలి. మధ్యలో రెండు గంటలు దాటితే క్రిములు పెరుగుతాయి. పచ్చి రొయ్యలు, పచ్చి పీతలు వేసిన సోమ్ తమ్ వద్దు. నడుమ రంధ్రం ఉన్న గొట్టం ఆకారపు ఐసు ఫ్యాక్టరీలో చేసింది, దానికి భయపడనక్కర్లేదు. ఓఆర్‌ఎస్ ప్యాకెట్లు రెండు వెంట ఉంచుకోండి. జ్వరం వచ్చినా, రక్తం పడినా, నీళ్లు కూడా కడుపులో నిలవకపోయినా ఆస్పత్రికి వెళ్లాలి. అంబులెన్స్‌కి 1669.

థాయ్‌లాండ్‌లో గైడ్ పని ఆ దేశస్థులకే. 2008 నాటి పర్యాటక వ్యాపార, గైడ్ల చట్టం ప్రకారం కంపెనీకి, గైడ్‌కి విడివిడిగా లైసెన్సులుండాలి. గైడ్ మెడలో కార్డు వేలాడాలి. అక్కడ ఉంటున్న మనవాళ్లెవరైనా తక్కువకు తిప్పుతామంటే కార్డు అడగండి. లేకపోతే మధ్యలో పోలీసులు ఆపితే ఆ వాక్ అక్కడితో సరి.

డబ్బు సంగతి చివరగా. గుంపు వాక్‌కి మనిషికి సుమారు 1,000 నుంచి 2,500 బాత్‌లు. బండి మీద ఒక ప్లేటు దాదాపు 50 నుంచి 100 బాత్‌లు కాబట్టి, మీరు కట్టేదాంట్లో ఎక్కువ భాగం గైడ్ తెలివికే. తిండి, నీళ్లు, దారిలో టుక్‌టుక్ అందులోనే ఉన్నాయా అని అడగండి. సొంతంగా కొనుక్కునేవాటికి 20, 100 బాత్‌ల నోట్లు ఉంచుకోండి, వెయ్యి నోటు తీస్తే బండివాళ్లకు చిల్లర దొరకదు. చేపలు, పీతలు తూకం మీద అమ్మే రెస్టారెంట్‌లో వాక్ ముగిస్తే, చెప్పిన ధర కిలోకా, ఖీత్‌కా అని అడగాలి. ఖీత్ అంటే వంద గ్రాములు. బిల్లు పదింతలయ్యేది ఇక్కడే. టిప్ తప్పనిసరి కాదు. చెప్పిన చోట్లకు తీసుకెళ్లకుండా నగల దుకాణానికో టైలర్ దగ్గరికో మళ్లిస్తే వాదనకు దిగకుండా టూరిస్ట్ పోలీసు నంబరు 1155కి ఫోన్ చేయండి, ఇంగ్లిషులో మాట్లాడతారు. కంపెనీ లైసెన్స్ నంబరు, రసీదు ఫొటో ఫోన్‌లో ఉంటే ఫిర్యాదు వెంటనే తీసుకుంటారు.

ఇట్లు,
బ్యాంకాక్‌లో ఉంటున్న కొందరు తెలుగు పాఠకులు