'వెనక్కి తగ్గిన రైతులు' అని రాశారే!

సంపాదకులు గారికి నమస్కారం.

మా ఊరి రొయ్యల గుంటల కేసు గురించి పోయిన వారం మీ జిల్లా పేజీలో వచ్చిన ముక్క చదివాను. 'వెనక్కి తగ్గిన రైతులు' అని హెడ్డింగు పెట్టారు. ఆ పొద్దున టీ బంకు దగ్గర ఒకటే గోల, ఎంతకి అమ్ముడుపోయారని ఒకడు, నాకు ముందే తెలుసులే అని ఇంకొకడు. హైకోర్టులో వేసిన రిట్, అంటే అధికారులకి ఆదేశాలివ్వమని అడిగే అర్జీ, మేం ఉపసంహరించుకున్న మాట నిజమే. ఎందుకో ఒక్క ఫోన్ చేసి అడిగుంటే చెప్పేవాళ్ళం.

మాది విడవలూరు మండలంలో సముద్రం తట్టు ఊరు. గుంటల ఉప్పునీళ్ళు ఊట దిగి పక్కనున్న వరి మళ్ళు చౌడుబారాయి, చేతిపంపు నీళ్ళు నోట పెట్టుకోలేం. హైకోర్టుకి పోతే జడ్జిగారు అడిగింది ఒకటే, నీళ్ళెంత పాడయ్యాయో, నష్టమెంతో తేల్చడానికి పర్యావరణ కేసులు చూసే హరిత ట్రిబ్యునల్ ఉంది కదా, అక్కడికెందుకు పోలేదని. న్యాయమైన ప్రశ్నే. అక్కడ జడ్జీలతో పాటు ఈ విషయాలు తెలిసిన నిపుణులు కూడా కూర్చుంటారు. పైగా దక్షిణాది బెంచి చెన్నైలో ఉంది, మా నెల్లూరోళ్ళకి అమరావతి కంటే మద్రాసే దగ్గర, పొద్దున రైలెక్కితే రాత్రికి ఇంట్లో ఉంటాం.

మా లాయరు గారు పాతకాపు. ఊరికే 'విత్‌డ్రా' అని కూర్చోకుండా, వేరేచోట కేసు వేసుకునే స్వేచ్ఛ ఇస్తున్నట్టు ఆర్డర్లో రాయించుకున్నారు. ఆ ఒక్క ముక్క విలువ మాకప్పుడు తెలీదు. అనుమతి లేకుండా రిట్ వెనక్కి తీసుకుంటే అదే విషయం మీద హైకోర్టులో మళ్ళీ రిట్ వేయడం కుదరదని 1986లోనే సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిందట. సివిల్ దావాలకైతే ఆ రూలు చట్టంలోనే ఉంది. వేరే దారులు మూసుకుపోవని కూడా ఆ తీర్పులోనే ఉందంటారు గానీ, ఎదుటి లాయరు ఊరుకుంటాడా, అనుమతి లేదన్న మాట పట్టుకునే నాలుగు వాయిదాలు లాగుతాడు.

మా తప్పు లేదనను. గుంటల మీద ఆదేశాలు కావాలంటే ట్రిబ్యునల్‌కి 6 నెలల్లో పోవాలి, సరైన కారణం చూపిస్తే ఇంకో 60 రోజులు. కోర్టులో కేసుంది కదా అని ధీమాగా కూర్చున్నాం, ఆ గడువు ఎప్పుడో దాటిపోయింది. పరిహారానికి, భూమి బాగుచేయించడానికి మాత్రం 5 ఏళ్ళ గడువుంది కాబట్టి ఇప్పుడు అదే అడుగుతున్నాం. మొదటి రోజే ఈ మాట చెప్పేవాళ్ళుంటే ఇంత తిరుగుడు ఉండేది కాదు. జిల్లా న్యాయసేవాధికార సంస్థ వాళ్ళు ఊళ్ళల్లో మీటింగులు పెట్టినప్పుడు ఏ గొడవకి ఏ గడప తొక్కాలో, ఎన్నాళ్ళలోపు తొక్కాలో చెప్తే బాగుండు.

మీరు మాత్రం సవరణ వేయండి, అదే పేజీలో, అంతే పెద్ద అక్షరాలతో. చెన్నైలో వాయిదా పడగానే నేనే కబురు చేస్తా, విలేకరిని పంపండి.

— ఒక రైతు, విడవలూరు మండలం, నెల్లూరు జిల్లా