ట్రైలర్‌లోనే కథంతా చెప్పేస్తే ఎలా?

సంపాదకులకు నమస్కారం.

గత ఆదివారం హన్మకొండలోని ఒక థియేటర్‌లో ఇంటర్వెల్‌లో వేసిన ట్రైలర్ చూశాక ఈ ఉత్తరం రాయాలనిపించింది. మొదటి నిమిషం చక్కగా సాగింది. తలుపు కిర్రుమంది, నేపథ్య సంగీతం ఒక్కసారిగా ఆగిపోయింది, తెర నల్లబడింది. పాప్‌కార్న్ నములుతున్నవాళ్లు సైతం చేయి ఆపి చూశారు. అయితే ఆ తర్వాతి నిమిషంన్నరలో హంతకుడెవరో, అతని పగకు కారణమేమిటో, చివరి పోరాటం ఎక్కడ జరుగుతుందో కూడా చూపించేయడంతో, పక్క సీట్లోని మా అక్క కొడుకు 'ఇంకేముంది మామా, సినిమా అయిపోయింది కదా' అంటూ సమోసాల కోసం లేచి వెళ్లాడు.

2015లో 'బాహుబలి' మొదటి భాగం కట్టప్ప ఎందుకు చంపాడన్న ప్రశ్నను మిగిల్చి ముగిసింది. మా వరంగల్ చౌరస్తాలో టీ తాగుతూ దానికి ఎన్ని జవాబులు అల్లుకున్నామో లెక్కలేదు. 2017 మార్చిలో విడుదలైన రెండో భాగం ట్రైలర్ భారీ దృశ్యాలెన్నో చూపించినా అసలు జవాబును మాత్రం దాచిపెట్టింది. ఏప్రిల్ 28న సినిమా వచ్చేదాకా ఆ ఉత్కంఠ చల్లారలేదు.

పాత్రకు వచ్చిన చిక్కు ఏమిటో ట్రైలర్ చెప్పాలి, అది ఎలా విడిపోయిందో సినిమా చెప్పాలి. ఈ సంగతి ఎడిటర్లకు తెలియదని నేను అనుకోను. ఉన్న ఫైట్లన్నీ రెండు నిమిషాల్లో కుక్కాలన్న ప్రచార తొందరే దీనికి కారణమని నా అనుమానం. నిర్మాతలు కనీసం చివరి అరగంట జోలికి పోకుండా ట్రైలర్లు కత్తిరించాలని మీ పత్రిక ద్వారా కోరుతున్నాను.

— ఒక పాఠకుడు, హన్మకొండ