నర్సింగ్ పాఠాల్లో ఇదీ చేర్చండి

సంపాదకులకు,

హైదరాబాద్‌లో చదువుకునే సోమాలియా కుర్రాళ్లలో కొందరు భార్యాబిడ్డలతో ఉంటారు. లేబర్ రూమ్ నర్సుగా ఆ ఇళ్ల ఆడవాళ్లకు నేనూ పురుళ్లు పోశాను. ఒకమ్మాయికి చిన్నప్పుడే జననాంగం కోసి, కుట్టేశారు. మూత్రానికి గొట్టం వేయబోయిన మా జూనియర్‌కి దారే దొరకలేదు. ఆ కుట్టు విప్పితే గానీ కాన్పు కాదు. ఇలాంటిది ఒకటుందని మాకు చదువులో ఎవరూ చెప్పలేదు.

ఆడపిల్లలకు ఇలా కోసే ఆచారాన్ని సోమాలియా 2012 రాజ్యాంగం నిషేధించింది, కానీ శిక్ష వేసే చట్టం దేశమంతటికీ రాలేదు. హర్గేసా నగరపు మంత్రసాని ఎడ్నా ఆదన్ ఇస్మాయిల్ 1976 నుంచి దీనిపై పోరాడుతున్నారు. ఆవిడ తండ్రి డాక్టరే! ఆయన ఇంట్లో లేనప్పుడు తల్లీ అమ్మమ్మా కలిసి ఆవిడకీ చేయించేశారు. ఇక చట్టం ఒక్కటే ఏం ఆపుతుంది?

మనమేమీ తక్కువ తినలేదు. ముస్లింలలో ఒక శాఖైన దావూదీ బోహ్రాల్లో ఏడేళ్ల ఆడపిల్లలకు చేసే ఖత్నాపై (జననాంగాన్ని కోయడంపై) 2017లో సుప్రీంకోర్టులో పిల్ పడితే, అధికారిక లెక్కలే లేవంది కేంద్రం. 2018లో కేసు విస్తృత ధర్మాసనానికి వెళ్లింది. ఈ తీరు వేరు, కుట్టెయ్యరు. అయినా పసిదాని ఒంటిమీద బ్లేడు బ్లేడే.

తీర్పు వచ్చేలోగా నర్సింగ్ సిలబస్‌లో ఒక్క పాఠమైనా చేర్చాలని తెలంగాణ ప్రభుత్వాన్ని కోరుతున్నాను.

– ఒక రిటైర్డ్ స్టాఫ్ నర్సు, మెహదీపట్నం