కాలంతో కట్టేవాళ్ళ సంఘం: ఈ ఏడాది వార్షిక నివేదిక

సభ్యులందరికీ నమస్కారం. ఈ ఏడాది మన సంఘం పూర్తి చేసిన బిల్డింగులు ఏమీ లేవు. కొత్తగా చేరినవాళ్ళు కంగారు పడకండి, మనకి ఇటుక, ఇసుక, సున్నం ఎలాగో కాలం కూడా ఒక సామానే, దాన్ని కూడా కొలిచే వెయ్యాలి, తగ్గిస్తే గోడ ఊరుకోదు.

ముందు సున్నం గొయ్యి సంగతి చెప్తా, మీటింగుల్లో సగం గొడవ దీని మీదే కాబట్టి. కాల్చిన సున్నపురాయి మీద నీళ్ళు పోస్తే కుతకుతా ఉడుకుతుంది, చల్లారింది కదా ఇంక వాడేద్దాం అంటారు చాలామంది. అప్పుడే కాదండీ, అది నీళ్ళ కింద నెలల తరబడి నానాలి, ఎంత నానితే అంత వెన్నలా అవుతుంది. మూడేళ్ళు నిండని సున్నం కాంట్రాక్టర్లు వాడకూడదని రోమ్‌లో పాత రూలు ఉండేదని అక్కడి పాతకాలపు రచయిత ప్లినీ రాసిపెట్టాడు. ఆ తర్వాత గానుగలో ఇసుకతో కలిపి నూరడం, కరక్కాయ నీళ్ళు, బెల్లం, ఇవన్నీ మీకు తెలిసినవే. గోడెక్కాక కూడా పని అయిపోదు, గాలిలోని కార్బన్ డయాక్సైడ్ పీల్చుకుంటూ ఏళ్ళ మీద మళ్ళీ రాయిగా మారుతుంది, మేస్త్రీ కూలి తీసుకుని వెళ్ళిపోయినా గోడ పని మాత్రం నడుస్తూనే ఉంటుందన్నమాట. అందుకే "కొంచెం సిమెంటు కలిపితే తొందరగా సెట్ అవుద్ది కదా" అని ఒక సభ్యుడు పెట్టిన తీర్మానం వీగిపోయింది. పాత సున్నం గోడ మీద సిమెంటు పూస్తే లోపలి తేమ బయటికి రాలేక గోడనే తినేస్తుంది. గోల్కొండ దగ్గర కుతుబ్ షాహీ సమాధుల మీద ఎప్పుడో పూసిన సిమెంటుని 2013లో మొదలైన రిపేర్లలో గీకి తీసి మళ్ళీ సున్నమే వేశారు, తీర్మానం పెట్టిన ఆ సభ్యుణ్ణి ఒకసారి అక్కడికి వెళ్ళి చూసి రమ్మన్నాం. ఇంకోటి, గొయ్యి మూత ఎవరో తీసి అలాగే వదిలేస్తున్నారు, నీళ్ళు ఇగిరిపోతే అంతా దండగ, దయచేసి మూయండి.

సభ్యుల టూర్ పాలంపేట వెళ్ళింది. రామప్ప గుడి 1213లో రేచర్ల రుద్రుడు కట్టించింది, 2021లో యునెస్కో గుర్తింపు వచ్చాక జనం బాగా పెరిగారు. అందరూ శిల్పాల దగ్గర ఫొటోలు దిగుతుంటే మనవాళ్ళు మాత్రం నేల వంకే చూస్తూ నిలబడ్డారు, గైడ్‌కి అనుమానం కూడా వచ్చింది. పునాదిలో ఇసుక నింపి, ఆ పైన అంత బరువు పెట్టి, భూమి కదిలినప్పుడు ఇసుకే సర్దుకునేలా వదిలేశారు. నేల అక్కడక్కడా కుంగింది, గుడి నిలబడే ఉంది. పైన గోపురానికి వాడింది నీళ్ళలో తేలేంత తేలిక ఇటుక. భోజనాలు బాగాలేదన్న ఫిర్యాదు అందింది, వచ్చేసారి వంటమనిషిని తీసుకెళ్దాం.

సర్వసభ్య సమావేశంలో పెద్ద చర్చ జపాన్‌లోని ఇసె గుడి మీద జరిగింది. 690లో మొదలుపెట్టి ఇరవై ఏళ్ళకోసారి పక్క స్థలంలో కొత్త చెక్కతో అచ్చం అలాగే కడుతున్నారు, మధ్యలో యుద్ధాలప్పుడు ఆగింది, చివరిది 2013లో అయింది, తర్వాతది 2033. కొత్త చెక్క అయితే అది పాత గుడి ఎలా అవుతుందని సగంమంది, ఇరవై ఏళ్ళంటే తాత దగ్గర పని నేర్చుకున్న కుర్రాడు తనే మేస్త్రీ అయ్యే టైమ్ కదా, ఇంతకన్నా లెక్క ఏం కావాలని మిగతా సగం. నేను రెండో పక్షం. ఓటింగ్ పెట్టలేదు, టీలు చల్లారిపోయాయి.

జర్మనీలోని కొలోన్ కెథడ్రల్ అనే పెద్ద చర్చి కథ విన్నాక మాత్రం ఏకగ్రీవంగా ఒక తీర్మానం చేశాం. 1248లో మొదలై, 1560లో పని ఆగిపోయి, క్రేన్ మాత్రం 1868 దాకా టవర్ మీదే ఉండిపోయి, చివరికి 1880లో పూర్తయింది. ముందువైపు అసలు డ్రాయింగ్ పోయిందనుకుంటే సగం 1814లో డార్మ్‌స్టాట్‌లో దొరికింది, మిగతా సగం తర్వాత పారిస్‌లో. కాబట్టి ఇకనుంచి ప్రతి పనికీ డ్రాయింగులు మూడు కాపీలు, మూడు ఊళ్ళలో, మంచి కాగితం మీద. పెన్ డ్రైవ్ తెచ్చినవాళ్ళ దగ్గర తీసుకోం.

ఒక క్లయింటు మూఢం వచ్చేలోపు గృహప్రవేశం చేయించమని పట్టుబట్టి, కుదరదంటే అడ్వాన్సు వెనక్కి తీసుకున్నారు. గోడలు ఆరడానికి ముహూర్తం తెలీదని చెప్పి చూశాం. ఆ డబ్బు పోను ఖాతా పరిస్థితి ఫర్వాలేదు, లెక్కలు ఆఫీసులో ఉన్నాయి, ఎవరైనా చూసుకోవచ్చు. చందా బాకీ ఉన్నవాళ్ళు "మాది కూడా కాలంతోనే కడతాం" అనే జోకు ఈసారికి ఆపండి.

కార్యదర్శి పదవికి నేను మళ్ళీ నిలబడట్లేదు. ఆసక్తి ఉన్నవాళ్ళు ఉగాదిలోపు పేరు ఇవ్వండి, ఇప్పుడు మొదలైన పనులు చివరిదాకా చూడాలి కాబట్టి ముప్పై లోపు వయసున్నవాళ్ళైతే మంచిది.